మా రాళ్ళు, వాళ్ళ రాళ్ళు

డిసెంబర్ 3, 1992. గురువారం. సాయంత్రం 5

వంటింట్లో హల్వా వాసన. గోధుమపిండిని వెన్నలో ఎర్రగా వేయించినప్పుడు వచ్చే వాసన. మా ఇంట్లో వెన్న అక్టోబరులోనే అయిపోయింది. రేషన్‌లో రొట్టె ఇస్తారు గానీ పిండి ఇవ్వరు. స్టవ్ మీద ఉన్నది ఒక్కటే గిన్నె. మూత తీసి చూశాను. బంగాళాదుంపలే.

జీవితమంతా కెమిస్ట్రీ చెప్పినదాన్ని. పదార్థం లేకుండా వాసన ఉండదు. నా ముక్కుకే పట్టి ఉంటే ముసలితనం అనుకునేదాన్ని. కానీ కోడలు జెమ్మా కూడా గరిటె పట్టుకుని అలాగే నిలబడిపోయింది. మనవరాలు నాజేలీ గదిలోంచి పరుగెత్తుకొచ్చి, నాకు పెట్టకుండా ఏం తింటున్నారని దబాయించింది.

ఇది మొదట మా ఇల్లు కాదు. సూరయ్యా ఖానుమ్ వాళ్ళది. వాళ్ళు అజర్‌బైజానీ ముస్లింలు, మేము క్రైస్తవులం. 1989లో పట్టణాల్లో ఒకరినొకరు చంపుకోవడం మొదలైనప్పుడు, అక్కడి మా తూతావాన్ పెద్దలూ ఇక్కడి ఈ గోయ్‌దాష్ పెద్దలూ ఒకచోట కూర్చుని, ఊరికి ఊరు మార్చుకుందామని నిర్ణయించారు. ఏ ప్రభుత్వమూ చెప్పలేదు. ఇంటికి ఇల్లు, పాకకు పాక. మేము ద్రాక్షతోటలు వదిలి ఈ చలి పీఠభూమికి వచ్చాం, వాళ్ళు మా తోటల్లోకి వెళ్ళారు. అన్నిటికంటే పైన ఒక్క షరతు పెట్టుకున్నారు: మీ సమాధులు మేము చూస్తాం, మా సమాధులు మీరు చూడండి. రొట్టె మీద చెయ్యి వేసి చెప్పుకున్నారు. తరవాత రెండు ఊళ్ళూ ఉన్న దేశమే లేకుండా పోయింది. మధ్యలో సరిహద్దు వచ్చింది, దాని వెంట యుద్ధం వచ్చింది. ఇప్పుడు ఉత్తరం లేదు, ఫోన్ లేదు.

నా కూతురు హెర్మినె అక్కడే ఉండిపోయింది. తొమ్మిదేళ్ళ పిల్ల, మెదడు జ్వరంతో పోయింది. దాని పక్కనే మా ఆయన మిసాక్.

తాళం ఇచ్చేరోజు సూరయ్యా నాకు చెప్పింది, తన అత్తగారు గుల్‌జార్ ఈ ఇంట్లోనే పోయిందని. గురువారం సాయంత్రం పోయినవాళ్ళు ఇంటికి వస్తారట, తమను తలుచుకుంటున్నారో లేదో చూసుకోవడానికి. కాస్త పిండి వెన్నలో వేయిస్తే చాలు, ఆ వాసన చూసి తిరిగి వెళ్ళిపోతారట. సమాధి కడుగుతాను, గడ్డి పీకుతాను, పిండి వేయించడం ఒప్పందంలో లేదని నేను అన్నాను. ఆవిడ నవ్వింది. "ఒప్పందం కాదు టీచరుగారూ, అలవాటు" అంది.

డిసెంబర్ 4

చుట్టుపక్కల ఇళ్ళన్నీ అడిగాను. నిన్న ఎవరింట్లోనూ వెన్న లేదు.

డిసెంబర్ 10. గురువారం

మళ్ళీ వచ్చింది. అదే వేళకు. బయట మైనస్ పద్నాలుగు. కిటికీలు మూసి, సందుల్లో గుడ్డలు కుక్కి ఉన్నాయి. బయటనుంచి వచ్చే అవకాశం లేదు.

జెమ్మా ఏడ్చింది. ఆకలికి ఏడ్చిందో భయానికి ఏడ్చిందో చెప్పలేదు. నాజేలీ మాత్రం గాల్లోకి చూస్తూ, ఈసారి వచ్చేటప్పుడు చక్కెర కూడా వేసుకుని రమ్మని ఆ ముసలావిడతో చెప్పింది. పెద్దవాళ్ళతో అలా మాట్లాడకూడదని మందలించాను. మందలించాక గాని అర్థం కాలేదు, నేను ఎవరి తరఫున మందలించానో.

జనవరి 17, 1993

గోయ్‌దాష్ స్మశానానికి వెళ్ళి రాళ్ళ మీద మంచు దులిపి వచ్చాను. నెలకొకసారి వెళతాను. మా ఊరివాళ్ళు చాలామంది మానేశారు. కాళ్ళకు బూట్లు లేవని ఒకరు, యుద్ధంలో ఉన్నాం కదా ఇంకా ఏం ఒప్పందమని ఒకరు. ఒప్పందం మనుషులు బాగున్నప్పటికి మాత్రమే అని ఎవరూ రాసుకోలేదు. నేను వెళతాను.

ఇక్కడి రాళ్ళు నల్లవి, నిలువెత్తువి. వాటిమీద మనుషుల బొమ్మలు చెక్కి ఉంటాయి. గుల్‌జార్ తలకు రుమాలు కట్టుకుని ఉంటుంది. చెక్కినవాడు ఒక కన్ను కాస్త పెద్దదిగా చెక్కాడు. మంచు తుడుస్తుంటే ముందు ఆ కన్నే బయటపడుతుంది. ఈరోజు తుడిచే పని లేకపోయింది. మిగిలిన రాళ్ళన్నిటి మీదా మంచు ఉంది, ఆవిడ ముఖం మీద లేదు.

గాలి అటునుంచి వీచి ఉంటుంది.

ఫిబ్రవరి 9

ట్రాక్టర్ అర్షావిర్ కొడుకు గార్నిక్ యుద్ధంలో పోయాడు. పంతొమ్మిదేళ్ళు. కాగితం వచ్చింది. మనిషి రాలేదు.

అర్షావిర్ నా దగ్గర చదువుకున్నవాడే. వాళ్ళింటికి వెళ్ళాను. కొట్టంలో కూర్చుని ట్రాక్టర్ గొలుసుకు గ్రీజు రాస్తున్నాడు. నన్ను చూసి లేచాడు. ఓదార్చడానికి ఎవరు వచ్చినా ఒక్కటే అడుగుతున్నాడని అతని భార్య చెప్పింది. నన్నూ అదే అడిగాడు. "ఆదివారం పూట నేను ఎక్కడికి వెళ్ళి కూర్చోవాలి, టీచరుగారూ?"

సమాధి ఉన్నవాడికి కూర్చోవడానికి ఒక చోటుంటుంది. అతని నాన్న సమాధి తూతావాన్‌లో ఉంది. కొడుకుది ఎక్కడా లేదు.

మార్చి 14. ఆదివారం

ఊళ్ళో పుకారు. జార్జియా మీదుగా సరుకు తెచ్చే లారీ డ్రైవర్ ఎవరో చెప్పాడట, అక్కడివాళ్ళు తూతావాన్ స్మశానాన్ని దున్నేశారని, మా రాళ్ళను పశువుల పాకల్లో నేలకు పరిచారని. మధ్యాహ్నం అందరూ పాత క్లబ్బులో చేరారు. క్లబ్బు కుర్చీలన్నీ చలికాలంలో పొయ్యిలోకి పోయాయి, నిలబడే మాట్లాడుకున్నారు. వాళ్ళు మనవి దున్నితే మనం వాళ్ళవి ఎందుకు ఉంచాలన్నది ప్రశ్న. తన ట్రాక్టరులో ఇంకా డీజిల్ ఉందని అర్షావిర్ అన్నాడు.

ఎవరు చూశారని అడిగాను. డ్రైవర్ చూశాడా, అతనికి ఇంకెవరో చెప్పారా? ఎవరికీ తెలియదు. శుక్రవారం జార్జియా సరిహద్దు మార్కెట్‌కి వెళతాను, అక్కడ మనవాళ్ళూ వాళ్ళూ పక్కపక్కనే సరుకు అమ్ముకుంటారు, కనుక్కుని వస్తాను, అప్పటిదాకా ఆగండన్నాను. ఆగుతామన్నారు. యుద్ధంలో చంపుకుంటున్నవాళ్ళే మార్కెట్లో టీ పొడి అమ్ముకుంటారని నాజేలీకి ఎంత చెప్పినా నమ్మదు.

ఒక విషయం ఇక్కడ తప్ప ఎక్కడా రాయను. అందరూ మాట్లాడుతున్నంతసేపూ నా కళ్ళముందు ఒక పాక నేల కనిపించింది. దానిమీద ఒక ఆవు నిలబడి ఉంది. కాళ్ళ కింద అక్షరాలున్నాయి.

మార్చి 16

అర్షావిర్ ఆగలేదు.

పొద్దున్న ఇంజిన్ చప్పుడు విని కోటు కూడా వేసుకోకుండా పరుగెత్తాను. వెళ్ళేసరికి గుల్‌జార్ రాయి బురదలో బోర్లా పడి ఉంది. దాని చుట్టూ గొలుసు. అతను గొలుసు విప్పి పక్క రాయికి కడుతున్నాడు. ఆ రాయికి వీపు ఆనించి నిలబడ్డాను. చల్లదనం చొక్కాలోంచి దిగింది.

"పక్కకు జరగండి, టీచరుగారూ."

"జరగను. ఎవరు చూశార్రా? చూసినవాడి పేరు చెప్పు."

"మా గార్నిక్‌ని ఎవరు చూశారు? పోయాడని కాగితం పంపారు. నమ్మమన్నారు, నమ్మాను. ఇదీ నమ్ముతాను."

అతను చెప్పినదాంట్లో తప్పు ఎక్కడుందో ఇప్పటికీ వెతుకుతున్నాను. అక్కడ నిలబడి నోటికి వచ్చింది అనేశాను.

"మీ నాన్న అక్కడే ఉన్నాడురా. నువ్విక్కడ గొలుసు కడితే అక్కడ ఆయన మెడకు కట్టినట్టే."

ఎందుకన్నానో తెలియదు. అది కెమిస్ట్రీ టీచర్ అనాల్సిన మాట కాదు. కానీ అతను ఇంజిన్ ఆపాడు. గొలుసు అక్కడే వదిలేసి నడిచి వెళ్ళిపోయాడు.

రాయిని ఒక్కదాన్నే లేపాలని చూశాను. కదలలేదు. బురదలో ముఖం కిందకు ఉంది.

మార్చి 18. గురువారం

ఈరోజు వాసన రాలేదు. ముగ్గురం వంటింట్లో నిలబడి ఎదురుచూశాం. దేనికోసం నిలబడ్డామో ఎవరూ ఒప్పుకోలేదు.

మార్చి 19. శుక్రవారం

మార్కెట్ అంతా బురద, పొగ, ఎండు చేపల వాసన. మూడు భాషల్లో బేరాలు. వాళ్ళవైపు వరసలో టీ పొడి సంచుల వెనక ఒక గడ్డం కుర్రాడు కూర్చుని ఉన్నాడు. నేను గుర్తుపట్టలేదు, అతనే పట్టాడు. సూరయ్యా కొడుకు ఎల్షాద్. ఊళ్ళు మారిన రోజు కుక్కను తీసుకెళ్ళనివ్వలేదని లారీ వెనక కూర్చుని ఏడ్చిన పిల్లాడు. లేచి తన స్టూలు నాకు వేశాడు. గాజు గ్లాసులో టీ పోయించాడు.

ఇద్దరం అసలు మాటకు రాలేదు. వెనక గదిలో పొయ్యి ఇంకా పొగ కక్కుతోందా అని అడిగాడు. కక్కుతోందన్నాను. మా మల్బరీ చెట్లు నిరుడు కాశాయా అని అడిగాను. కాశాయట, కానీ వాటితో మేము పెట్టే తేనెపాకం వాళ్ళకు చేతకావడం లేదట. చెప్పాను ఎలా పెట్టాలో. అతను బుద్ధిగా విన్నాడు.

తరవాత కొంచెం సిగ్గుపడుతూ ఇంకో సంగతి అడిగాడు. శనివారం సాయంత్రాలు తూతావాన్‌లోని మా పాత ఇంట్లో సాంబ్రాణి వాసన వస్తోందట. వాళ్ళింట్లో సాంబ్రాణి లేదు, వెయ్యరు కూడా. మీరేమైనా అలమరల వెనక వదిలేసి వచ్చారేమో అడగమని అమ్మ చెప్పిందట.

ఆ ఇంట్లో ఉన్నన్నాళ్ళూ శనివారం సాయంత్రం హెర్మినె ఫోటో దగ్గర సాంబ్రాణి వేసేదాన్ని. ఈ మూడేళ్ళలో ఒక్కసారీ వెయ్యలేదు. దొరకదు. ఏమీ వదిలి రాలేదని చెప్పాను. మా వంటింటి సంగతి చెప్పలేదు.

గ్లాసు కింద పెట్టి అడిగాను. "మా పిల్ల రాయి?"

"నిలబడే ఉంది" అన్నాడు. నవ్‌రూజ్ కొత్త సంవత్సరం పండక్కి ముందు సమాధులకు వెళతాం కదా, అమ్మే స్వయంగా కడిగిందన్నాడు. ఊపిరి పీల్చుకున్నాను. అప్పుడు అతను, తమ ఊళ్ళోనూ పుకారు ఉందన్నాడు. మేము గోయ్‌దాష్ స్మశానాన్ని దున్నేశామని. తాను నమ్మలేదట.

"మా నానమ్మ రాయి?"

"నిలబడే ఉంది" అన్నాను.

అతని మాటే, అతని గొంతుతోనే తిరిగి ఇచ్చినట్టు అనిపించింది. అతను వెంటనే తలూపాడు. నా ముఖం వైపు చూడలేదు, చేతుల వైపు చూశాడు. పెద్దవాళ్ళంటే మర్యాద అనుకున్నాను. వచ్చే నెల ఇరవై మూడున ఇద్దరం ఫోటోలు తెచ్చుకుందామని తనే అన్నాడు. అప్పుడు రెండు ఊళ్ళలోనూ నోళ్ళు మూతపడతాయట. సరేనన్నాను. టీకి డబ్బు తీసుకోలేదు.

మార్చి 20

అబద్ధం చెప్పి వచ్చాను. ఇప్పుడు దాన్ని నిజం చెయ్యాలి.

మార్చి 22

అర్షావిర్ దగ్గరికి వెళ్ళాను. ఉన్నదున్నట్టు చెప్పాను. "తూతావాన్‌లో రాళ్ళు నిలబడే ఉన్నాయి. మనవీ నిలబడే ఉన్నాయని మాటిచ్చి వచ్చాను. నీవల్ల అబద్ధమాడాను. లేచి రా."

అతను ముందు తన నాన్న రాయి గురించి అడిగారా అన్నాడు. అడగలేదు, మరిచిపోయాను. అది కూడా నిలబడే ఉందని చెప్పాను. ఇది రెండో అబద్ధం, మొదటిదాని కంటే తేలిగ్గా వచ్చింది.

అదే ట్రాక్టర్, అదే గొలుసు. నేను, జెమ్మా, నాజేలీ పక్కనుంచి పట్టుకున్నాం. గొయ్యి కొత్తగా తవ్వి, రాయి దింపి, చుట్టూ గులకరాళ్ళు వేసి కూరాం. నిటారుగా ఉందో లేదో దారానికి రాయి కట్టి చూశాను. నిటారుగానే ఉంది. అర్షావిర్ తన కోటు విప్పి ఆవిడ ముఖం మీది బురద తుడిచాడు. పెద్ద కన్ను ముందు తుడిచాడు. తుడుస్తూ ఏదో గొణుక్కున్నాడు, నేను వినలేదు, వినాలని చూడలేదు. తరవాత వెళ్ళి ఇంకో రాయి ముందు కూర్చున్నాడు. దానిమీద గార్నిక్ వయసు కుర్రాడి బొమ్మ ఉంది, మోటారుసైకిల్ పక్కన నిలబడి నవ్వుతూ. చీకటి పడేవరకూ అక్కడే ఉన్నాడని తరవాత తెలిసింది.

నాజేలీ ఎక్కడినుంచో కెమెరా తెచ్చి ఫోటో తీసింది. జిల్లా టౌనులో స్టూడియోవాడికి రోజుకు ఒక గంటే కరెంటు. కడిగి ఇవ్వడానికి రెండు వారాలు పడుతుందన్నాడట.

మార్చి 25. గురువారం

వాసన వచ్చింది. కానీ వంటింట్లో కాదు. తూర్పు గదిలో. ఆ గదిలో ఎప్పుడూ ఎవరూ ఏమీ వండలేదు. దారి తప్పిన మనిషిలా కిటికీ దగ్గర కాసేపు ఆగి, అక్కడినుంచి వంటింట్లోకి వచ్చింది. ముసలావిడ కొత్త తోవలో వస్తోందని నాజేలీ అంది. ఈసారి మందలించలేదు.

ఏప్రిల్ 12. ఈస్టర్ మర్నాడు

పోయినవాళ్ళ రోజు. మూడేళ్ళుగా ఈ రోజున మా ఊళ్ళో ఎవరూ ఇల్లు కదిలేవాళ్ళు కాదు, వెళ్ళడానికి మావాళ్ళ సమాధులు లేవు కాబట్టి. ఈరోజు అర్షావిర్ ఒక సీసా వైన్ పట్టుకుని గోయ్‌దాష్ స్మశానానికి నడిచాడు. అతని వెనక అతని భార్య. వాళ్ళను చూసి ఇంకొకరు. పదకొండు గంటలకల్లా ఊరు ఊరంతా అక్కడే ఉంది.

ఒక్కొక్కరూ ఒక్కొక్క రాయి ఎంచుకున్నారు. ఎవరూ ఎవరినీ అడగలేదు. తల్లి పోయినవాళ్ళు ముసలివాళ్ళ దగ్గర, పిల్లలు పోయినవాళ్ళు చిన్న రాళ్ళ దగ్గర. ఎవరో ఎక్కడో దాచిన సాంబ్రాణి తీశారు. పొగ మధ్య ఆ నల్లరాళ్ళ ముఖాలు మమ్మల్ని చూస్తూ ఉన్నాయి. తమవాళ్ళు కారని వాటికి తెలుసు. అయినా చూస్తూనే ఉన్నాయి.

ఒక్క తేడా గమనించాను. మిగిలిన ముఖాలన్నీ దక్షిణంగా చూస్తున్నాయి. గుల్‌జార్ ఒక్కతే తూర్పుకు చూస్తోంది. వాళ్ళు రాళ్ళను మక్కా దిక్కుకు పెడతారు. మేము సూర్యుడు పుట్టే దిక్కుకు పెడతాం. ఆ రోజు రాయి లేపేటప్పుడు ఏ దిక్కని మేము ఆలోచించనే లేదు. చేతులు వాటికి తెలిసినట్టు పెట్టేశాయి. నలుగురిలో ఒక్కరికీ తట్టలేదు. నిటారుగా ఉందో లేదో చూసుకున్నానే తప్ప ఇది చూసుకోలేదు.

ఫోటో అప్పటికే కడిగించేశాం. ఇంకో రీలు దొరకదు. ఎల్షాద్ అంత పట్టిపట్టి చూడడులే అనుకుంటున్నాను.

ఏప్రిల్ 23. శుక్రవారం. రాత్రి 8

నాకు దగ్గు. జెమ్మాను పంపాను. సాయంత్రం బస్సుకు తిరిగి వచ్చింది. మా ఫోటో ఎల్షాద్‌కి ఇచ్చింది, అతనిది తెచ్చింది. అతను మన ఫోటో చేతిలో పట్టుకుని చాలాసేపు చూశాడట. వెళ్ళేటప్పుడు, టీచరుగారికి నా నమస్కారం చెప్పండి, ఆవిడకు అర్థమవుతుంది అన్నాడట.

ఫోటో స్టవ్ వెలుగులో చూశాను. రంగు ఫోటో. హెర్మినె రాయి శుభ్రంగా ఉంది. కింద ఎర్ర పూలు. పేరు, రెండు సంవత్సరాలు, అన్నీ స్పష్టంగా ఉన్నాయి. నిటారుగా నిలబడి ఉంది. జెమ్మా ఏడ్చి, దేవుడికి దండం పెట్టి, అందరికీ చూపించడానికి తీసుకెళతానంది. కాసేపు ఆగమన్నాను.

ఆ రాయి ముందు ఎన్నో ఏళ్ళు నిలబడ్డాను. పేరు చదువుతూ నిలబడితే దాని వెనక చర్చి శిఖరం కనిపించేది. ఎప్పుడూ చర్చే. ఫోటోలో పేరు ఎదురుగానే ఉంది, వెనక చర్చి లేదు. వెనక కొండ ఉంది. తూతావాన్‌లో కొండ ఉత్తరాన ఉంది.

నా పిల్ల దక్షిణంగా చూస్తోంది.

అంటే పడిపోయింది. ఎవరో పడగొట్టారు, ఇంకెవరో లేపారు. లేపినవాళ్ళ చేతులు కూడా వాటికి తెలిసినట్టు పెట్టేశాయి. సూరయ్యా ఒక పక్క పట్టుకుని ఉంటుంది. ఎల్షాద్ ఇంకో పక్క. ట్రాక్టర్ నడిపినవాడి పేరు నాకు తెలియదు. వాడి ఇంట్లోనూ ఎవరో పోయి ఉంటారు.

ఎప్పుడు పడిందో ఎల్షాద్‌ని అడగను. అడగకుండానే నాకు తెలుసు అనిపిస్తోంది, అదే నాకు భయం.

జెమ్మాకు ఫోటో ఇచ్చేశాను. ఊరంతా చూసింది. రాయి నిలబడే ఉందని అందరూ అన్నారు. నేనూ అన్నాను.

ఏప్రిల్ 25

పొద్దున్నే అర్షావిర్ వచ్చాడు. గుల్‌జార్ రాయి వంకర దిక్కుకు ఉందని అతనూ చూశాడట. ట్రాక్టర్ తెస్తాను, వాళ్ళ దిక్కుకు తిప్పేద్దామన్నాడు.

వద్దన్నాను. ఇక్కడ కదిపితే అక్కడ పిల్ల కదులుతుంది.